రాజీనామా ఇచ్చేముందు చట్టం చదవరేం?

(మా గ్రామీణ విలేకరి)

"రాజీనామా ఇంకా ఆమోదం పొందవలసి వుంది."

ఈ వాక్యాన్ని విలేకరిగా నేను ఎన్నిసార్లు రాశానో లెక్కలేదు. పాల సంఘం అధ్యక్షుడు అలిగినా, వార్డు మెంబరు కోపగించినా, గుడి కమిటీ సభ్యుడు తప్పుకున్నా వార్త చివర ఆ వాక్యం పడవలసిందే. అది రాస్తేనే వార్త పూర్తయినట్టు నాకొక తృప్తి. ఎవరు ఆమోదించాలి, ఏ చట్టం ప్రకారం ఆమోదించాలి అని నన్ను అడిగినవారు లేరు. నేనూ ఎవరినీ అడగలేదు. ఆ వాక్యమే కిందటి సంవత్సరం ఒక పెద్దమనిషిని నలుగురిలో చిన్నబుచ్చింది. అందుకే ఈ నాలుగు మాటలు రాయవలసి వచ్చింది.

ఆయన మా ప్రాంతంవారే. ఒక వృత్తిలో పాతికేళ్లుగా వున్నారు. ఏ వృత్తి, ఏ మండలి అన్నది ఇక్కడ అనవసరం. చట్టం ద్వారా ఏర్పడిన రాష్ట్రస్థాయి మండలికి ఆ వృత్తిలోనివారంతా ఓట్లు వేసి పంపిన సభ్యుడు ఆయన. పల్లెటూరినుంచి అటువంటి చోటికి వెళ్లినవారిని వేళ్లమీద లెక్కపెట్టవచ్చు. గెలిచిన రోజున మా వూళ్లో మేళం పెట్టించి ఊరేగించారు. నేనే ఫోటోతో సహా వార్త పంపాను.

ఒక సమావేశంలో ఆయన పల్లెల్లో పనిచేసేవారి ఇబ్బందులు చెప్పబోయారు. రిజిస్ట్రేషను కాగితాలకోసం ఒక్కొక్కరు రాజధానికి మూడేసిసార్లు తిరగవలసి వస్తోందని ఆయన గోడు. వినేవారు లేరు. ఎవరో నవ్వారట కూడా. ఆ నవ్వు ఆయనకు తగిలింది. తెల్లకాగితం తీసుకుని, సభ్యత్వానికి రాజీనామా చేస్తున్నానని రెండు ముక్కలు రాసి, సంతకం పెట్టి, తేదీ వేసి, అధ్యక్షుడి చేతిలోనే పెట్టి బయటికి వచ్చేశారు. రాత్రి బస్సెక్కి తెల్లవారేసరికి ఇంటికి చేరారు. చేరగానే నాకు ఫోను.

"రాసెయ్ అబ్బాయీ, దాపరికం ఏమీ లేదు. పల్లెటూరివాళ్లకు మర్యాద లేనిచోట మనకు పదవెందుకు?" అన్నారు.

నేను రాశాను. చివర నా పాత వాక్యం తగిలించాను. మర్నాడు జిల్లా పేజీలో మూడో కాలంలో వచ్చింది.

తరువాత జరిగింది పాఠకులు ఊహించగలరు. ఆయనకు ఓట్లు వేసినవారు పదిమంది కారు మాట్లాడుకుని ఇంటికి వచ్చారు. "మీరు మమ్మల్ని అడక్కుండా ఎలా వదిలేస్తారండీ? మీకోసం వూరూరూ తిరిగింది మేము కాదా?" అని నిష్ఠూరమాడారు. ఆయన మెత్తబడ్డారు. పేపర్లో రానే వచ్చింది కదా, ఆమోదం కాలేదని, తొందరేముంది అని వారం పదిరోజులు ఆగి, రాజీనామా ఉపసంహరించుకుంటున్నానని రిజిస్టర్డు పోస్టులో ఉత్తరం పంపారు. ఈలోగా వచ్చినవారికల్లా మళ్లీ సమావేశానికి వెళ్తున్నానని చెప్పుకున్నారు. జవాబు నాలుగు లైన్లలో వచ్చింది. మీ లేఖ అందిన రోజునే మీ స్థానం ఖాళీ అయింది, ఉపసంహరించుకోవడానికి మిగిలింది ఏమీ లేదు అని దాని సారాంశం.

ఆయన ఆ కాగితం పట్టుకుని మా ఇంటికి వచ్చారు. తిట్టలేదు. తిట్టినా బాగుండేది. "నీ వాక్యం నమ్మానయ్యా" అని మాత్రం అన్నారు. నిజం చెప్పాలంటే ఆయన మర్నాడే ఉత్తరం రాసినా ఫలితం అంతే అయ్యేది. ఆ సంగతి నాకు తరువాత తెలిసింది. అయినా పదిరోజులపాటు ఆయన్ని లేని ఆశలో వుంచింది నా అజ్ఞానమే.

కోర్టున్న వూరికి వెళ్లి, నాకు తెలిసిన ఒక వృద్ధ ప్లీడరుగారి గడప తొక్కాను. ఆయన కళ్లజోడు సవరించుకుని మొదట అన్న మాట ఇది: "బాబూ, రాజీనామాకంటూ దేశంలో ఒక్క చట్టం లేదు. ఏ పదవికి ఆ చట్టమే. ఆ చట్టంలో ఒక్క మాట అటూ ఇటూ అయితే మనిషి పదవిలో వున్నట్టో, ఊడినట్టో తేలిపోతుంది." ఆ సాయంత్రం రెండు గంటలు కూర్చోబెట్టి పుస్తకాలు తీసి చూపించారు. నాకు ఇంటర్మీడియట్ చదువే. అర్థమైనంతవరకు రాసుకున్నాను.

మనకు బాగా తెలిసిన మందుల షాపుల సంగతే చూద్దాం. షాపు గోడకు వేలాడే సర్టిఫికెట్టు ఫార్మసీ కౌన్సిల్ ఇచ్చినది. 1948లో వచ్చిన ఫార్మసీ చట్టం ప్రకారం ప్రతి రాష్ట్రానికీ ఒక కౌన్సిల్ వుంటుంది. అందులో ఆరుగురిని రిజిస్టరైన ఫార్మసిస్టులు తమలోనుంచి ఎన్నుకుంటారు. అయిదుగురిని రాష్ట్ర ప్రభుత్వం నామినేట్ చేస్తుంది. ఒకరిని రాష్ట్ర మెడికల్ కౌన్సిల్ పంపుతుంది. మరికొందరు అధికారులు తమ ఉద్యోగం వల్లనే సభ్యులవుతారు. పదవీకాలం 5 ఏళ్లు. ఈ కౌన్సిల్ చేతిలో వున్నది చిన్న అధికారం కాదు. ఎవరి పేరు రిజిస్టరులో ఎక్కాలి, తప్పు చేసినవాడి పేరు ఎప్పుడు కొట్టేయాలి అన్నది అక్కడే తేలుతుంది. ఫార్మసిస్టు వూళ్లో లేకుండా అతని సర్టిఫికెట్టు మాత్రం గోడకు వేలాడుతున్న షాపులో మందు కొనుక్కునే మనకు, ఆ కౌన్సిల్లో ఎవరు కూర్చున్నారన్నది పట్టనిదేమీ కాదు.

ఆ చట్టంలో రాజీనామా గురించి వున్నది ఒక్క వాక్యం. ఎన్నికైన లేదా నామినేట్ అయిన సభ్యుడు ఎప్పుడైనా సరే, తన సంతకంతో అధ్యక్షుడిని ఉద్దేశించి రాసి ఇచ్చి సభ్యత్వానికి రాజీనామా చేయవచ్చు; అంతట ఆ స్థానం ఖాళీ అవుతుంది. ప్లీడరుగారు ఆ "అంతట" అన్న మాట కింద గోరుతో గీత గీశారు. ఆమోదం అన్న మాట మచ్చుకైనా లేదు. అధ్యక్షుడు సరేననవలసిన పని లేదు, వద్దనే హక్కూ లేదు. సమావేశంలో తీర్మానం అక్కరలేదు. కాగితం ఇచ్చినవాడు బయటికి వచ్చేసరికి వెనకాల కుర్చీ ఖాళీ. ఆ ఖాళీని మళ్లీ ఎన్నికతోనో నామినేషనుతోనో నింపుతారు. కొత్తగా వచ్చినవాడు మిగిలిన కాలానికే వుంటాడు.

ఇంకొక ముచ్చట. రాజీనామా ఇవ్వకపోయినా సీటు పోయే దారి ఆ చట్టంలోనే వుంది. కౌన్సిల్ సబబని ఒప్పుకునే కారణం లేకుండా వరుసగా మూడు సమావేశాలకు రాకపోతే స్థానం వదులుకున్నట్టే లెక్క. కొందరు అలిగి, రాజీనామా అనే మాట నోటితో అనకుండా ఇంట్లో కూర్చుంటారు. వారు కూడా ఈ లెక్క చూసుకోవాలి.

అధ్యక్షుడే సభ్యత్వానికి రాజీనామా చేయదలిస్తే ఎవరికి రాయాలండీ, తనకు తానే రాసుకోవాలా అని అడిగితే ప్లీడరుగారు నవ్వి కాఫీ తెప్పించారు.

ఇక చార్టర్డ్ అకౌంటెంట్ల చట్టం చూడండి. అది 1949 నాటిది, ఫార్మసీ చట్టానికి ఒక్క ఏడాది చిన్న. అందులోనూ కౌన్సిల్ సభ్యుడు ఎప్పుడైనా అధ్యక్షుడికి రాసి రాజీనామా చేయవచ్చుననే వుంది. అంతవరకు ఆ చట్టమూ ఈ చట్టమూ అన్నదమ్ములే. కాని చివరి ముక్క వేరు. ఆ రాజీనామాను ప్రభుత్వ గెజిట్‌లో ప్రకటించినప్పుడే స్థానం ఖాళీ అవుతుంది. అంటే కాగితం ఇచ్చిన నాటికీ గెజిట్ వచ్చే నాటికీ మధ్య కొన్నాళ్లు గడువు వుంటుంది. ఆ గడువులో మనిషికి మనసు మారితే వాదించుకోవడానికి చోటుంది. మా పెద్దమనిషి మందుల షాపు లెక్కలు రాసే ఆడిటరై, ఆ కౌన్సిల్లో వుండి వుంటే ఆయన ఉత్తరానికి వచ్చే జవాబు మరోలా వుండేదేమో.

మూడో రకం కూడా వుంది. డాక్టర్ల వ్యవహారాలు చూసే పాత మెడికల్ కౌన్సిల్ పోయి, 2019 చట్టంతో జాతీయ వైద్య కమిషన్ వచ్చింది. దాని ఛైర్మన్ గాని, సభ్యుడు గాని తప్పుకోదలిస్తే కేంద్ర ప్రభుత్వానికి మూడు నెలలకు తగ్గకుండా ముందుగా నోటీసు రాసి ఇవ్వాలి. ప్రభుత్వం కావాలంటే ముందే వదిలిపెట్టవచ్చు. కోపంలో రాసి పారేసే వీలు అక్కడ లేదు.

ఒకే దేశం, ఒకే రకం పని, ఒకే రాజీనామా. ఒకచోట ఇచ్చిన క్షణాన, ఒకచోట గెజిట్ వచ్చిన నాడు, మరొకచోట మూడు నెలలకు. ఇందులో తర్కం ఏమిటో నాకైతే బోధపడలేదు. చట్టాలు రాసినవారు ఒక్కొక్కసారి ఒక్కొక్క గుమాస్తాతో రాయించారా అనిపిస్తుంది.

కోర్టులకు కూడా ఈ తగాదా కొత్తది కాదు. అందరూ చెప్పుకునేది అలహాబాదు హైకోర్టు జడ్జి సతీశ్ చంద్ర గారి కేసు. ఆయన 1977 మే 7న రాష్ట్రపతికి రాజీనామా రాశారు. అయితే అది ఆగస్టు 1 నుంచి అమలులోకి వస్తుందని అందులోనే పేర్కొన్నారు. జూలై 15న మనసు మార్చుకుని, ఉపసంహరించుకుంటున్నానని మళ్లీ రాశారు. జడ్జి రాజీనామాకు ఎవరి ఆమోదమూ అక్కరలేదు, రాజ్యాంగంలో అట్లాగే వుంది. మరి ఒకసారి రాసి పంపాక వెనక్కు తీసుకోవచ్చునా? కుదరదని అలహాబాదు హైకోర్టు అంది. కుదురుతుందని 1978లో సుప్రీంకోర్టు మెజారిటీ తీర్పు ఇచ్చింది. ఆగస్టు 1 అని తేదీ వేసినప్పుడు ఆ తేదీ వచ్చేదాకా ఆయన జడ్జిగానే వున్నారు, రాజీనామా ఇంకా పండలేదు, పండనిదాన్ని వెనక్కు తీసుకోవచ్చునని దాని భావం. నేను అర్థం చేసుకున్నంతలో మా పెద్దమనిషి తన కాగితంలో "వచ్చే నెల ఒకటో తేదీ నుంచి" అని నాలుగు మాటలు చేర్చి వుంటే కథ వేరుగా వుండేది. నాలుగు మాటలు!

సర్కారు ఉద్యోగి సంగతి దీనికి భిన్నం. ఉద్యోగం ఇచ్చినవాడు, పుచ్చుకున్నవాడు ఇద్దరుంటారు కాబట్టి అక్కడ ఆమోదం కావాలి. ఆమోదం అయ్యేలోగా వెనక్కు తీసుకోవచ్చు. అయ్యాక కుదరదు. ఒక ఐ.ఏ.ఎస్. అధికారి కేసులో 1968లో సుప్రీంకోర్టు ఇంకొంచెం ముందుకు వెళ్లింది. ప్రభుత్వం ఆమోదించిన సంగతి ఆ అధికారికి ఇంకా చేరకపోయినా, ఆమోదం జరిగిపోయాక ఆయన వెనక్కు తీసుకోలేరని చెప్పింది. తరువాత 1993లో హిమాచల్ ప్రదేశ్‌కు చెందిన ఒక ఎన్నికల కేసులో ఇదంతా ఒకచోట చేర్చి, కొన్ని పదవులకు రాజీనామా ఒంటిచేతి పని, కొన్నిటికి రెండు చేతుల పని, ఏది ఏదన్నది ఆ పదవి స్వభావాన్నిబట్టి, నియమాలనుబట్టి చూడాలని తేల్చింది. మనలో చాలామంది రాజీనామా అనగానే సర్కారు ఉద్యోగి రాజీనామాను ఊహించుకుంటారు. నా పాత వాక్యం పుట్టింది కూడా అక్కడే.

ఇంతకన్నా నన్ను ఆశ్చర్యపరిచిన విషయం ఒకటుంది. ఫార్మసీ చట్టంలోని ఆ "అంతట" ఒకప్పుడు ఎమ్మెల్యేలకూ వుండేది. రాజ్యాంగం రాసుకున్నప్పుడు శాసనసభ్యుడు స్పీకరుకు సంతకంతో రాసి ఇస్తే అంతట సీటు ఖాళీ అయ్యేది. 1974లో గుజరాత్ ఆందోళనలో జనం ఎమ్మెల్యేల ఇళ్లమీదకు వెళ్లి, నిలబెట్టి రాజీనామాలు రాయించుకున్నారు. అది చూసి అదే సంవత్సరం పార్లమెంటు 33వ సవరణ తెచ్చింది. అప్పటినుంచి స్పీకరు ఆమోదించాలి. ఆ రాజీనామా ఇష్టపూర్వకమైనది కాదనో, నిజమైనది కాదనో విచారణలో తోస్తే ఆమోదించకూడదు. తమ మెడమీదకు కత్తి వచ్చేసరికి పెద్దలు తమ చట్టం మార్చుకున్నారు. మందులు అమ్మేవాడి మండలికి ఆ పాత "అంతట" అలాగే వదిలేశారు. అతన్ని మాత్రం ఎవరూ బెదిరించి రాయించుకోరా?

అయితే ఆమోదం పెడితే అన్నీ చక్కబడతాయా అంటే అదీ లేదు. మన కళ్లముందు జరిగినవే చూడండి. తెలంగాణ ఉద్యమంలో ఇచ్చిన రాజీనామాల్లో కొన్నిటిని 2010లో ఆమోదించారు. ఆ జూలైలో 12 చోట్ల ఉపఎన్నికలు జరిగాయి. మరుసటి సంవత్సరం 2011 జూలైలో తెలంగాణ ఎమ్మెల్యేలు మూకుమ్మడిగా రాజీనామాలు ఇస్తే, భావోద్వేగంలో ఇచ్చినవని స్పీకరు తిరస్కరించారు. విశాఖ ఉక్కు కోసం విశాఖ ఉత్తరం ఎమ్మెల్యే గంటా శ్రీనివాసరావు 2021 ఫిబ్రవరిలో రాజీనామా ఇచ్చారు. ఆమోదించింది ఎప్పుడు? 2024 జనవరిలో, రాజ్యసభ ఎన్నికలు, ఆ వెంటనే సాధారణ ఎన్నికలు వస్తున్న సమయంలో. సుమారు మూడేళ్లు ఆ కాగితం సొరుగులో వుంది. పిల్లి ఎలుకను పట్టి ఆడించినట్టు ఆమోదం అధికారం ఒకరి చేతిలో పెడితే, వారికి అక్కరపడిన నాడే అది బయటికి వస్తుంది. కర్ణాటక ఎమ్మెల్యేల కేసులో 2019లో సుప్రీంకోర్టు, స్పీకరు చూడవలసింది ఇష్టపూర్వకమా, నిజమైనదా అన్నంతవరకేనని, ఇతర కారణాలు వెతకరాదని చెప్పింది. ఎంతకాలంలో చూడాలో మాత్రం రాజ్యాంగంలో రాసి లేదు.

ఇది చదివే రైతు సోదరులు, ఈ డాక్టర్ల, ఆడిటర్ల గొడవ మనకెందుకని పేజీ తిప్పవద్దు. ఈ రోగం మన వూళ్లోనూ వుంది, ఇంకో రూపంలో. సహకార సంఘానికో, పాల సంఘానికో, పంచాయతీకో ఎన్నికలు వచ్చినప్పుడు రెండు వర్గాలను రాజీచేసి పెద్దమనుషులు ఒప్పందం చేస్తారు. చెరి రెండున్నరేళ్లు. మొదటివాడు గడువు కాగానే దిగిపోవాలి. దిగిపోతాడన్న నమ్మకం ఏమిటి? అందుకని ప్రమాణ స్వీకారానికి ముందే అతని చేత తెల్లకాగితం మీద రాజీనామా రాయించి, సంతకం పెట్టించి, తేదీ దగ్గర ఖాళీ వదిలేసి ఒక పెద్దమనిషి బీరువాలో పెడతారు. నేను అటువంటి కాగితాన్ని కళ్లారా చూశాను. ఆ సంతకం చేసినది ఒక మహిళ. తన రాజీనామా తన పదవికంటే ముందే పుట్టిందని ఆమెకు తెలియదు. ఏదో ఎన్నికల కాగితమని భర్త చెబితే పెట్టానంది.

ఆ కాగితం బీరువాలో వున్నంతకాలం ఆమె ఆ కుర్చీలో ఎవరి మాట వింటుంది? ఓటు వేసిన జనం మాటా, తాళంచెవి వున్నవాడి మాటా? కాలువ పని బిల్లు మీద సంతకం పెట్టనంటే ఏమవుతుందో ఆమెకు ఎవరూ చెప్పనక్కరలేదు. తేదీ వేసి పంపడానికి అరనిమిషం చాలు. పంచాయతీల చట్టం వేరు, సంఘాల చట్టం వేరు, దేని పద్ధతి దానికి వుంది. కాని ఎక్కడైతే ఇచ్చిన క్షణాన సీటు ఖాళీ అనే నియమం వుందో, అక్కడ ఈ బీరువా కాగితం నిండుగా మందు కూరిన తుపాకి లాంటిది. నేను ఇష్టపూర్వకంగా ఇవ్వలేదు, తేదీ నేను వేయలేదు అని ఆ తరువాత కోర్టుకు వెళ్లవచ్చు, కాదనను. బలవంతం జరిగిందని అన్నవారే దాన్ని రుజువు చేసుకోవాలి. కూలి మానుకుని వాయిదాలకు తిరిగేది ఎవరు? తేలేసరికి పదవీకాలమే అయిపోతుంది.

వృత్తి మండళ్లలో ఇటువంటి కాగితాలు లేవని అనుకోనక్కరలేదు. పానెల్ కట్టి గెలిచేచోట పానెల్ నాయకుడు ముందుజాగ్రత్త పడడం మనిషి స్వభావమే.

నా అభిప్రాయం ఇది. రాజీనామాకు ఎవరి ఆమోదమూ వుండరాదు. వుంటే ఆ మనిషి మరొకరి గుప్పిట్లోకి వెళ్తాడు. వెళ్లిపోతానన్న మనిషిని కట్టేసి కూర్చోబెట్టడం కూడా న్యాయం కాదు. కాని "అంతట" అన్నదీ వుండరాదు. మధ్యలో ఒక పదిహేను రోజులు చాలు. కాగితం అందిన రెండు మూడు రోజుల్లో మండలి రిజిస్ట్రారు ఆ సభ్యుడికి రిజిస్టర్డు పోస్టులో రాయాలి: మీ రాజీనామా అందింది, ఫలానా తేదీకి అమలవుతుంది, ఇది మీరు రాసినది కాకపోయినా, మనసు మారినా ఆలోగా తెలియజేయండి అని. సభ్యుడు కాదంటే ఆ కాగితం చెల్లదు. నోరు మెదపకపోతే పదిహేనో రోజు గడవగానే దానంతటదే ఖాళీ. మళ్లీ ఎవరి సంతకమూ అక్కరలేదు. కోపంలో రాసినవాడికి కోపం దిగడానికి వ్యవధి వుంటుంది, బీరువా కాగితం బయటికి వస్తే అసలు మనిషికి ఆ కబురు వెంటనే అందుతుంది, సొరుగులో మూడేళ్లు దాచే వీలూ ఎవరికీ వుండదు. నిజంగా పోదలచినవాడికి పదిహేను రోజులు పెద్ద భారం కాదు.

దీనికి ప్లీడరుగారు ఒక అడ్డుప్రశ్న వేశారు. "అవిశ్వాసం పెట్టబోతున్నారని తెలిసి ఒకడు రాజీనామా ఇస్తాడు, గొడవ చల్లారాక పదమూడో రోజున వెనక్కు తీసుకుంటాడు, నెలకోసారి అదే నాటకం ఆడతాడు, అప్పుడేం చేస్తావు?" నా దగ్గర మంచి జవాబు లేకపోయింది. ఒక పదవీకాలంలో ఒక్కసారే వెనక్కు తీసుకునే అవకాశం ఇస్తే సరి అన్నాను. ఆయన తల ఊపారు గాని, పూర్తిగా ఒప్పుకున్నట్టు కనిపించలేదు.

ఇది చట్టం మార్చేవారు చేయవలసిన పని. ఎప్పటికి చేస్తారో వారికే తెలియాలి. అంతవరకు మండలిలోనో, సంఘంలోనో, బోర్డులోనో సభ్యులుగా వున్న మన ప్రాంతంవారు ఎవరికివారు చూసుకోవలసినవి కొన్ని వున్నాయి. మీ చట్టంలో రాజీనామా పేరా ఒక్కటి, అరపేజీ కూడా వుండదు, దాన్ని ఎవరిచేతనైనా చదివించుకోండి. ఎవరికి ఇవ్వాలని వుందో వారికే రాయాలి. అధ్యక్షుడికి అని వుంటే మంత్రికి పంపిన కాపీ, వాట్సాప్‌లో పెట్టిన ఫోటో తరువాత తగాదాకు తప్ప దేనికీ పనికిరావు. అధ్యక్ష పదవికి చేస్తున్నారా, సభ్యత్వానికే చేస్తున్నారా అన్నది స్పష్టంగా రాయండి. రెండూ ఒకటి కావు. అధ్యక్ష పదవి వదిలినవాడు సభ్యుడిగా మిగలవచ్చు, సభ్యత్వం వదిలితే అధ్యక్ష పదవి దానితోనే పోతుంది. వెనక్కు తగ్గే ఆలోచన లవలేశమైనా వుంటే ముందు తేదీ వేయండి. తేదీ లేని కాగితం మీద సంతకం మాత్రం, తోడబుట్టినవాడు అడిగినా పెట్టవద్దు.

ఒక ముక్క మరిచాను. కౌన్సిల్లో సీటు వదలడం వేరు, రిజిస్టరులో పేరు వుండడం వేరు. రాజీనామాతో ఫార్మసిస్టు ఫార్మసిస్టు కాకుండా పోడు, షాపు మూయనక్కరలేదు. మా పెద్దమనిషి ఇంట్లో ఆడవాళ్లకు ఇదే పెద్ద బెంగ. రాజీనామా చేశారట, ఇక పని కూడా చేసుకోనివ్వరా అని వారం రోజులు పొయ్యి దగ్గర కన్నీళ్లు పెట్టుకున్నారట. ఆ మాట చెప్పడానికే నేను మళ్లీ వాళ్లింటికి వెళ్లవలసి వచ్చింది.

ఆయన ఇప్పుడు బాగానే వున్నారు. ఖాళీ అయిన స్థానానికి ఎన్నిక పెడితే మిగిలిన కాలానికి మళ్లీ నిలబడాలని పదిమందీ పట్టుబడుతున్నారు. ఆయన ఇంకా ఔననలేదు. "నిలబడితే మళ్లీ వార్త రాస్తావా అబ్బాయీ?" అని అడిగి, నేను సిగ్గుపడుతుంటే భుజం తట్టారు.

నా మట్టుకు నేను ఆ పాత వాక్యం రాయడం మానుకున్నాను. మొన్న పక్క మండలంలో ఒక సంఘం ఉపాధ్యక్షుడు రాజీనామా చేస్తే వార్తలో ఏ పదవికి చేశారు, ఎవరికి అందజేశారు, ఏ తేదీ నుంచి అని అడిగి కనుక్కుని మూడు వాక్యాలు రాసి పంపాను. స్థలం చాలక కాబోలు, డెస్కువారు ఆ మూడూ కొట్టేసి, రాజీనామా ఇంకా ఆమోదం పొందవలసి వుందని చివర ఒక్క వాక్యం పెట్టి అచ్చువేశారు.